ఆయన పోసిన నీళ్ళు

ఆ రోజుల్లో మా ఆర్మూర్‌లో పసుపు రంగును నమ్మడానికి వీలుండేది కాదు. ఎండలు ముదిరే వేళకు చుట్టుపక్కల ఊళ్ళ పసుపంతా బండ్ల మీదా, లారీల మీదా మార్కెట్ యార్డుకు చేరేది. ఎండిన కొమ్ములను పెద్ద పెద్ద పీపాల్లో వేసి తిప్పి మెరుగుపెట్టే చోటు నుంచి లేచిన దుమ్ము సన్నగా, నిదానంగా, తనకే తొందరా లేనట్టు ఊరి మీదికి దిగేది. తెల్లావు పచ్చనావు అయ్యేది. ఆరవేసిన పంచె తీసేసరికి పెళ్ళిపంచెలా ఉండేది. సాయంత్రపుటెండ ఆ దుమ్ములోంచి వడకట్టుకొని వచ్చినప్పుడు గుట్ట మీది నల్లరాళ్ళు కూడా ఏదో శుభకార్యానికి ముస్తాబైనట్టు కనిపించేవి. అలాంటి ఊళ్ళో పుట్టిన పిల్ల, ఏ వస్తువు పచ్చగా కనిపించినా ముందు ఒక ప్రశ్న వేసుకోక తప్పదు: దీని రంగే ఇదా, లేక దీని మీద పడిన రంగా? నా జీవితకాలపు అనుమానబుద్ధికి మూలం ఆ దుమ్మేనని నేను అనుకుంటాను. (ఇది కూడా ఊహే. అదే దుమ్ములో పెరిగిన మా చెల్లెలు ఎవరేం చెప్పినా నమ్ముతుంది.)

ఎనభైల చివర్లో నేను నిజామాబాద్‌కు బస్సులో పోయి వస్తూ డిగ్రీలో వృక్షశాస్త్రం చదువుతున్నాను. చదువు కంటే ముందే వచ్చిన జబ్బు ఒకటుంది నాకు. ఎవరేమన్నా "రుజువేది?" అనేదాన్ని. బల్లి పలికితే చుట్టం వస్తాడని అమ్మ అంటే, నేను వేసవి సెలవులన్నీ బల్లికి కాపలా కాశాను. చుట్టాలు వచ్చిన రోజుల్లో అది మౌనంగా ఉండేది, ఎవరూ రాని రోజుల్లో వాగేది. ఆ సంగతి అమ్మకు విన్నవిస్తే, "నువ్వు గట్ల గుడ్లురిమి సూస్తుంటె అదేం పలుకుతదే, భయపడ్డది" అని ఒక్క మాటతో నా పరిశోధన కొట్టిపారేసింది. నా 'రుజువు' గల్లీలో చెల్లలేదు. దాన్ని వాళ్ళు 'సబూత్' చేసుకొని, చివరికి నాకే ఆ పేరు పెట్టారు. "సబూత్ పిల్ల వస్తున్నది, జర సూస్కొని మాట్లాడుండ్రి" అనేవారు ఇళ్ళ ముందు బీడీలు చుట్టుకుంటూ కూర్చున్న ఆడవాళ్ళు, కత్తెర ఆపకుండానే.

ఆ గల్లీలో దాదాపు ప్రతి కిటికీలోనూ ఒక సీసా ఉండేది, ప్రతి సీసాలోనూ ఒక మనీప్లాంట్ ముక్క ఉండేది. వాళ్ళు దాన్ని దుబాయి తీగె అనేవారు. మా గల్లీ నుంచి గల్ఫుకు మొట్టమొదట పోయిన మనిషి ఇంట్లో ఆ తీగ ఉండేదట. ఆయన క్షేమంగా, భుజాన టేప్‌రికార్డరుతో తిరిగి వచ్చాడు గనుక ఆ ఘనతంతా తీగకు దక్కింది. అప్పటినుంచి ఎవరు పోయినా, బయలుదేరే రోజు పొద్దున ఆ ఇంటి తీగ నుంచి ఒక ముక్క కోసుకొచ్చి, పోయే మనిషే తన చేతులతో దాన్ని సీసాలో పెట్టి, తన చేతులతో నీళ్ళు పోయాలి. ముక్కకు వేర్లు పారితే అక్కడ మనిషికి నౌకరీ కుదురుకున్నట్టు. కొత్త ఆకు వేస్తే జీతం పెరిగినట్టు. ఆకు వాడితే మాత్రం ఆ ఇంట్లో పొయ్యి మీద ఏం ఉడుకుతున్నదీ ఎవరికీ పట్టేది కాదు. మనీప్లాంట్ తీగకు ప్రతి కణుపు దగ్గరా వేరుమొటిమ పుట్టుకతోనే ఉంటుందనీ, కణుపు మునిగేట్టు నీళ్ళలో పెడితే గల్ఫుకు ఎవరు పోయినా పోకపోయినా అది వేరు వేస్తుందనీ నేను చెప్పి చూశాను. ఇంకో మాట కూడా చెప్పాను: ముక్క నుంచి పెంచిన మొక్క వేరే మొక్క కాదు, అదే మొక్క. మన గల్లీలో ఉన్నది ఇన్ని తీగలు కాదు, ఇన్ని కిటికీల్లో ఉన్న ఒకే తీగ. మరి అది ఎవరి క్షేమం చెబుతున్నట్టు? ఈ వాదన విని మా పక్కింటి చిన్నమ్మ ఒళ్ళోని బీడీల చాట మీంచి తలెత్తి, "మంచిదే గదనే. ఒక్క తీగెనే అందరి మంచి చెడ్డ సూస్తున్నదన్నట్టు" అంది. వాదన నాదే అయినా గెలుపు ఆమెది. ఆమెతో నాకు ఎప్పుడూ ఇలాగే అయ్యేది.

ఆమె మాకు రక్తసంబంధి కాదు, వరసకు చిన్నమ్మ. ఆమె భర్తను చిన్నాయన అనేదాన్ని. ఆయన మేస్త్రీ. ఊరందరికీ ఇళ్ళు కట్టిన మనిషి, తన పెరట్లో రెండు గదులకు గోడలు లేపి, కప్పు వేయలేక, ఆ కప్పు కోసమని మస్కట్ పోయాడు. కప్పు లేని ఆ గదుల్లోకి ఆకాశం తిన్నగా దిగేది. మధ్యాహ్నం పూట చిన్నమ్మ అక్కడ గోడ నీడలో కూర్చొని తునికాకు కత్తిరిస్తుంటే, తడిగోనె వాసన, పొగాకు వాసన, ఎక్కడినుంచో పసుపు వాసన, వీటి మధ్య కత్తెర చప్పుడు ఒక్కటే నడిచేది. లోకమంతా కునుకు తీస్తున్నట్టుండేది. చిన్నాయన పోయేరోజు నేను అక్కడే ఉన్నాను. పెద్ద షర్బత్ సీసాలో తీగముక్క పెట్టి, బోరింగు కొట్టి చెంబుతో నీళ్ళు తెచ్చి పోశాడు. కణుపు మునిగిందో లేదో వంగి చూసి నేనే ఖాయం చేశాను. "ఏంది పిల్లా, పాసా?" అన్నాడు. "పాసే చిన్నాయినా, ఏర్లు వస్తయి" అన్నాను. సీసాను వంటింటి కిటికీలో పెట్టి, సంచి భుజాన వేసుకొని, వెనక్కి చూడకుండా బస్టాండుకు నడిచాడు.

వేర్లు వచ్చాయి. ఆకులూ వచ్చాయి. మస్కట్ నుంచి వచ్చే మనుషుల చేత క్యాసెట్లు కూడా వచ్చేవి. వాళ్ళిద్దరికీ రాతకోతల కంటే నోటిమాట మీదే నమ్మకం. ఆ మాటలు టేపులో నింపి పంపేవాడు ఆయన. మొదటి దుబాయి మనిషి ఇంటి టేప్‌రికార్డరు అరువు తెచ్చుకొని, గల్లీ అంతా కూర్చొని వినేవాళ్ళం. ఆ తరువాతి ఏడు పసుపు అమ్మకాల రోజుల్లో క్యాసెట్ రావడం ఆగిపోయింది. ఆగిన కొన్నాళ్ళకు చిన్నమ్మ గోడ మీదినుంచి పిలిచింది.

"పిల్లా, జర ఇటు రా. మాట్లాడకుంట రా."

వెళ్ళాను. కిటికీలోని తీగకు కిందనున్న పెద్దాకు పచ్చబారి ఉంది. ఆకుపచ్చ కాదు, పసుపుపచ్చ. నేను ఆ కిటికీనీ, దాని అవతల గాలిలో తేలుతున్న బంగారు దుమ్మునూ చూసి, శాస్త్రజ్ఞులకు తగిన చిరునవ్వు ఒకటి నవ్వాను.

"పసుపు దుమ్ము చిన్నమ్మా. తుడిస్తె పోతది."

తడిగుడ్డ తీసుకొని ఆకును మెల్లగా, ఒక వైపు నుంచి రెండో వైపుకు, సాక్షి సమక్షంలో తుడిచాను. గుడ్డ పసుపుపచ్చగా అయింది. ఆకు కూడా పసుపుపచ్చగానే ఉంది. ఒక ఊహ నిజమై కూడా పూర్తిగా ఓడిపోవచ్చునని నాకు తెలిసింది ఆ పూటే.

"కామెర్లే," అంది చిన్నమ్మ. ఏడవలేదు. కిటికీ చెక్క మీద సీసాను సరిగా జరిపి పెట్టింది. "గా ఎండల పని, గా బయటి తిండి. కామెర్లు గాక ఏమైతయి. గందుకే క్యాసెట్ రాలె."

ఆకుకు వయసు మీరితే పచ్చబారుతుందని చెప్పాను. పోషకాలు తక్కువైతే ముసలాకులోని పత్రహరితం విరిగి, అందులోని నత్రజని లేతాకులోకి... అని ఇంకా ఏదో చెప్పబోయాను. ఆమె వినలేదు. ముప్కాల్ ఊరి మనిషి ఒకాయన మస్కట్ నుంచి సెలవు మీద వచ్చాడనీ, ఆ బేస్తవారం కాక పై బేస్తవారం బొంబాయి పోయి మస్కట్ విమానం ఎక్కుతాడనీ, ఆయన పోయే ముందు మన గల్లీకి వచ్చి అందరి మాటలూ తీసుకుపోతాడనీ చెప్పింది. "ఇంకొక్క ఆకు గిట్లయితె, పని వద్దు గిని వద్దు, ఇడిశిపెట్టి రమ్మని చెప్పి పంపుత" అంది. ఒకసారి పని వదిలి వస్తే మళ్ళీ పోవడం కుదరదని ఆమెకూ తెలుసు, నాకూ తెలుసు. పెరట్లో ఆ రెండు గదులు ఆకాశాన్ని నింపుకొని మా మాటలు వింటున్నాయి. "కప్పు లేకపోతే లేకపాయె. మనిషుండాలె గద" అంది చిన్నమ్మ, నేను ఏమీ అనకముందే.

ఒక మేస్త్రీ కొలువు ఒక ఆకు మీద ఆధారపడి ఉండటం నాకు భరించరానిదిగా తోచింది. ఇంటికి వచ్చి ఆలోచించాను. దీనికి పరిష్కారం పుస్తకాల్లో ఉంది, దాని పేరు నియంత్రణ ప్రయోగం. చిన్నమ్మ తీగనుంచే నాలుగు ముక్కలు తీసుకొని నాలుగు సీసాల్లో పెడతాను. అవి ఎవరి పేరు మీదా ఉండవు. గల్ఫులో ఉన్న ఏ మనిషికీ వాటితో సంబంధం ఉండదు. ఒకటి మంచం కింద చీకట్లో, ఒకటి డాబా మీద మండుటెండలో, ఒకటి బర్రెల తొట్టిలోని మురిగిన నీళ్ళలో, ఒకటి అన్ని సౌకర్యాలతో. మొదటి మూడింటి ఆకులు పచ్చబారి తీరతాయి. అప్పుడు చిన్నమ్మను పిలిచి, "చూడు, వీటికి ఎవరూ లేరు, అయినా పచ్చబారాయి" అని చూపిస్తాను. ఇంతకంటే శుభ్రమైన ప్రయోగం నేను తరువాత ఉద్యోగంలో కూడా తలపెట్టలేదు.

నేను పొద్దున బస్సెక్కి పోయి సాయంత్రం వచ్చేదాన్ని. మధ్యలో ప్రయోగశాల అమ్మ చేతిలో ఉండేది. ఒకరోజు వచ్చేసరికి మంచం కింద సీసా లేదు. వెతికితే కిటికీలో, మెత్తని ఎండలో, కడిగిన ఒళ్ళుతో మెరుస్తూ కూర్చుని ఉంది. మెడకు ఎర్రని బీడీదారం కట్టి ఉంది. డాబా మీది సీసా నీడకు దిగి వచ్చింది, దానికి ఆకుపచ్చదారం. మురుగునీళ్ళ సీసాలో నీళ్ళు తేటగా ఉన్నాయి, నల్లదారం. ఎవరు చేశారని అడిగితే, ఎదురింటి అవ్వ, ఏ మాత్రం జంకు లేకుండా, ఎర్రదారం తనదేనంది. తన చెల్లెలికి కంటి ఆపరేషన్ ఉందట.

"అవ్వా, గది ఎవరి పేరు మీద లేకుంట పెట్టిన. ప్రయోగం."

"ఎవ్వరి పేరు లేకుంట నీల్లల్ల ఎట్ల పెడ్తవు బిడ్డా? అనాథ చేస్తవా దాన్ని? నేను నా చెల్లె పేరు పెట్టిన. పెట్టినంక మంచం కింద చీకట్ల ఉంచుతనా మరి? దానికి కండ్లు కావాలె గద."

ఆకుపచ్చదారం ఏర్గట్లలో ఉన్న ఎవరి కోడలి కాన్పు కోసమో. నల్లదారం ఈనబోయే బర్రె కోసం. ఒక సీసాను మాత్రం ఎవరూ తమదని చెప్పలేదు. అది నేను సకల సౌకర్యాలూ కల్పించిన నాలుగో సీసా, పసుపుదారం కట్టినది. దానికి రోజూ పొద్దున నీళ్ళు మారుతున్నాయి. అమ్మను అడిగాను. అమ్మ బియ్యంలో రాళ్ళు ఏరుతూ తల ఎత్తకుండా, "నాకేం తెల్వది" అంది. తరువాత చాలాసేపటికి, నేను అడగకుండానే, "పరీక్షలు దగ్గరికొచ్చినయి గద, గందుకని" అంది.

అంటే నా నియంత్రణ సీసా నా పేరు మీదే ఉంది. ప్రయోగం చేసేవాళ్ళు ప్రయోగంలో ఉండకూడదన్నది మొదటి పాఠం. (ఆ రాత్రి చదువుకుంటూ ఎందుకో రెండుసార్లు లేచి ఆ సీసా దగ్గరికి పోయి చూశానన్న మాట కూడా, నిష్పాక్షికత కోసం, ఇక్కడ నమోదు చేస్తున్నాను. ఆకు బాగానే ఉంది.)

ఫలితం మీరు ఊహించే ఉంటారు. గల్లీ ఆడవాళ్ళ పోషణలో నా నాలుగు ముక్కలూ మిసమిసలాడుతూ వేర్లు వేశాయి. ఒక్క ఆకైనా పచ్చబారలేదు. అదే సమయానికి చిన్నమ్మ కిటికీలో రెండో ఆకు అంచున సన్నని పసుపు గీత దిగింది. ఆమె మా ఇంటికి వచ్చి, వరసగా నిలబడ్డ నాలుగు సీసాలనూ చాలాసేపు చూసింది.

"సూసినవా," అంది మెల్లగా. "అందరు మంచిగున్నరు. బర్రె సుత మంచిగున్నది. మా ఇంటాయినకే గిట్లయింది."

నా జీవితంలో ఎన్నో ప్రయోగాలు విఫలమయ్యాయి. ఎదుటివాళ్ళ భయానికి నా చేతులతో నేనే రుజువు తయారుచేసి ఇచ్చింది మాత్రం అదొక్కసారే. ఆమె వెళ్ళిన తరువాత చాలాసేపు ఆ సీసాల ముందే కూర్చున్నాను. ఎండ నీళ్ళలోంచి దూరి గోడ మీద నాలుగు వెలుగుమరకలు వేసింది. అవి ఊగుతున్నాయి. ఇక్కడి నాలుగింటికీ, అక్కడి ఒక్కదానికీ తేడా ఏమిటి? అదే తీగ. అదే బోరింగు. అదే ఎండ. గోడ మీది వెలుగు ఇంత తేటగా ఉంది... చిన్నమ్మ కిటికీలోని సీసా వెనక గోడ మీద ఇలాంటి వెలుగును నేను ఎప్పుడూ చూడలేదే అనుకుంటూ లేచాను.

"చిన్నమ్మా, నీ సీసల నీల్లు ఎప్పుడు మార్చినవ్?"

ఆమె నన్ను, అన్నం ఎప్పుడు పారబోశావని అడిగినట్టు చూసింది. "మార్చుడేంది?"

"చిన్నాయిన పోయిన్నాటి సంది మార్చనే లేదా?"

"తగ్గితె జరంత పోస్త పైకెల్లి. గవి ఆయిన పోసిన నీల్లే పిల్లా. పారబోస్తనా?"

సీసా ఎత్తి వెలుతురుకు పెట్టి చూశాను. అడుగున వేర్లు గోధుమరంగుకు తిరిగి, మెత్తబడి, జిగురుగా ఉన్నాయి. మురిగిన నీళ్ళలో వేర్లకు గాలి అందదు. వేరు కుళ్ళితే ఆకు పచ్చబారుతుంది. ఇందులో కామెర్లు లేవు, మస్కట్ లేదు. కారణం దొరికిన సంతోషంతో గడగడా అదంతా చెప్పేశాను. కానీ ఆమె సీసాను నా చేతుల్లోంచి నిదానంగా తీసుకొని మళ్ళీ కిటికీలో పెట్టింది. మనిషి మీద దిగులుతో ఉన్నప్పుడు ఆ మనిషి చేతి నీళ్ళు ఎవరు పారబోస్తారు? అప్పుడు నా బుర్రలో ఒక గట్టి వాదన మెరిసింది.

"చిన్నమ్మా, గీ సీసల ఉన్నవి చిన్నాయిన పోసిన నీల్లు కావు. నువ్వు తర్వాత పోసినవే. ఆయిన పోసినవి తీగె ఎప్పుడో తాగింది. తాగిన నీల్లు దాంట్లనే ఉండవు. ఆకు అడుగున సన్నపు రంధ్రాలుంటయి, కంటికి కనబడవు. అండ్లకెల్లి ఆవిరై పోతయి."

"ఏడికి పోతయి?"

"ఏడికేంది. గాలిలకు. గీ ఇంట్లకే."

కత్తెర ఆగింది. చాటలోని ఆకుల మీద ఆమె చేతులు అలాగే నిలిచాయి. "గంటే ఆయిన పోసిన నీల్లు గీ ఇంట్ల ఉన్నయా? గాలిల?"

"ఉన్నయి. నువ్వు పీలుస్తనే ఉన్నవ్" అన్నాను, వాదనకు మేకు దిగ్గొట్టినట్టు. భ్రమ తొలగించానన్న తృప్తితో ఇంటికి పోయాను.

మర్నాడు ఆమె ఇంటి తలుపు మూసి ఉంది. కిటికీ మూసి ఉంది. ఆ ఎండాకాలపు మధ్యాహ్నం, ఊరంతా తలుపులు తెరుచుకొని గాలి కోసం నాలుక చాపుతున్న వేళ, చిన్నమ్మ చీకటి వంటింట్లో చెమటలు కక్కుతూ, ప్రశాంతంగా బీడీలు చుట్టుకుంటున్నది.

"కిటికెందుకు మూసినవ్ చిన్నమ్మా?"

"గాలి పోతది గద," అంది.

మొక్కలు నీటిని ఆవిరిగా విడిచే క్రియ మీద తరువాత నేను ఎన్నో పాఠాలు విన్నాను, కొన్ని చెప్పాను కూడా. విన్న వెంటనే ఆచరణలో పెట్టిన మనిషి ఆమె ఒక్కతే. వెలుతురు కూడా అందక, ముప్కాల్ మనిషి వచ్చే రోజుకు రెండో ఆకు నిండా పసుపు పరుచుకుంది.

ఆయన సాయంత్రం వచ్చాడు, రెండు భుజాలకూ ఊళ్ళ వాళ్ళ పచ్చడి డబ్బాల సంచులు వేలాడేసుకొని. పొద్దటినుంచి వేల్పూర్ తిరిగి, అందరి మాటలూ మూటగట్టుకొని చివరికి మా గల్లీకి చేరాడు. చిన్నమ్మ ఇంటి ముందు చాప వేశారు. టేప్‌రికార్డరు వచ్చింది. అమ్మ చాయ తెచ్చిచ్చింది. గల్లీ ఆడవాళ్ళందరూ చాటలు ఒళ్ళో పెట్టుకొనే చుట్టూ కూర్చున్నారు. దుమ్ము నిండిన ఎండ అందరి ముఖాల మీదా ఒకేలా పడుతున్నది. చిన్నమ్మ టేప్‌రికార్డరు ముందుకు వంగి, పెద్దవాళ్ళ ముందు మాట్లాడినట్టు కొంగు సవరించుకొని మొదలుపెట్టింది.

"నేను మంచిగున్న. అందరు మంచిగున్నరు. బర్రె ఈనింది, పెయ్యదూడ. మొన్న గాలికి పెరట్ల గోడ మీది రెండిటుకలు పడ్డయి, నేనే పెట్టిన." ఆగింది. క్యాసెట్ సన్నగా తిరుగుతున్న చప్పుడు. "నువ్వు ఎట్లున్నవో... నువ్వేం దాయకు. నాకు తెలిసింది. పని గిని..."

మళ్ళీ ఆగింది. ఆ మాట పూర్తయితే ఆ రెండు గదులకు ఇక ఆకాశమే కప్పు. ముప్కాల్ మనిషి ఖాళీ గ్లాసు కింద పెట్టి, మీసాలు తుడుచుకొని, తుడుచుకుంటున్న చెయ్యి అలాగే చొక్కా జేబు మీదికి పోగానే ఉలిక్కిపడ్డాడు.

"అక్కా, జర ఆపు. మస్తు మర్శిన. వేల్పూర్ల ఒకాయిన మొన్ననే వచ్చిండు మస్కట్ కెల్లి. నీకియ్యుమని గిది ఇచ్చిండు," అని జేబులోంచి క్యాసెట్ తీశాడు.

"ఏందయ్యా, చాయ తాగినంత సేపు యాదికి రాలేదా?" అంది అమ్మ.

"చాయ మంచిగుండె అక్కా, గా రుచిల పడ్డ," అన్నాడాయన, నిజాయితీగా.

క్యాసెట్ మార్చారు. ముందు పంకా చప్పుడు, తరువాత ఎవరో దగ్గినది, ఆ తరువాత చిన్నాయన గొంతు. తనకేమీ కాలేదనీ, పని వేరే చోటికి మారిస్తే వచ్చేపోయే మనుషులు దొరకక క్యాసెట్ పంపలేకపోయాననీ, ఆరోగ్యం మంచిగున్నదనీ చెప్పాడు. చిన్నమ్మ కళ్ళు మూసుకుంది. గల్లీ అంతా ఊపిరి వదిలింది. కానీ గొంతు అక్కడితో ఆగలేదు, ఇంకాస్త దగ్గరికి వచ్చింది.

"నువ్వెట్లున్నవ్? నిజం చెప్పు. వచ్చేనాడు నీకు చెప్పలె గని, గా తీగెల ఇంకో ముక్క తడిగుడ్డల సుట్టి సంచిల ఏస్కొచ్చిన. గీడ గలాసల పెట్టిన, నీ పేరు మీద. మంచిగనే ఉండె. గిప్పుడు ఆకు పచ్చగైతున్నది. నీకు పానం బాగలేదా? దాస్తున్నవా? గీడ నా రూముల ఉండే పోరగాండ్లు నీల్లు మార్చు కాకా అంటరు. ఎట్ల మారుస్త? తొవ్వల తాగుమని నువ్వు సీసల నింపిచ్చిన నీల్లవి. తాగకుంట గీ ముక్కకు పోసిన. గా సబూత్ పిల్లను అడుగు జర, ఎందుకైతుందో."

క్యాసెట్‌లో పంకా మళ్ళీ తిరిగింది. అందరూ నా వైపు చూశారు. చిన్నమ్మ మాత్రం ముందు చిన్నగా, తరువాత చాటలోని తునికాకులు చెదిరిపోయేట్టు నవ్వడం మొదలుపెట్టింది. నవ్వుతూ నవ్వుతూనే లేచి లోపలికి పోయి, వంటింటి కిటికీ బార్లా తెరిచి, సీసా పట్టుకొని పెరట్లోకి నడిచింది. కప్పు లేని గోడల మొదట్లో, కొత్త గోడకు మేస్త్రీలు నీళ్ళు పెట్టినట్టు, ఆ నీళ్ళు నిదానంగా వంపింది. కుళ్ళిన వేర్లు నేను కత్తిరించాను. బోరింగు నీళ్ళు పట్టి తెచ్చింది అమ్మ. తరువాత చిన్నమ్మ వచ్చి చాప మీద కూర్చొని, తను సగంలో ఆపిన క్యాసెట్ మళ్ళీ పెట్టించింది. ముందు చెప్పిన మాటలు చెరపబోతే వద్దంది. 'పని గిని' తరువాతి నుంచే అందుకుంది.

"పని గిని మంచిగ చేస్కో. నాకేం గాలె. నీల్లు మార్చు. పారబోస్తె పోయినయనుకోకు, గవి ఎన్నడో గాలిల కల్సినయట, నీ రూములనే ఉన్నయట. సబూత్ పిల్ల చెప్పింది. కిటికి మూయకు, ఆకు సస్తది. నేను మూసి సూసిన."

దీన్ని రుజువు అనరు. ఇద్దరు మనుషులు, రెండు పాత్రలు, ఒకే తప్పు. ఇంత తక్కువ ఆధారం మీద ఏ నిర్ణయానికీ రాకూడదని నాకు తెలుసు. అయినా, ఒకే తీగ ముక్కలు సముద్రానికి చెరోవైపూ ఒకే కారణానికి పచ్చబారాయన్న సంగతి విన్న ఆ సాయంత్రం, పసుపు దుమ్ములో తేలుతున్న మా గల్లీని చూస్తూ, కాసేపు నేను ఎవరినీ ఏమీ అడగలేదు. నేను పరీక్ష పాసైనప్పుడు, అది చదివినందుకే గాని సీసా వల్ల కాదని అమ్మతో అన్నాను. అమ్మ తొణకలేదు. "అయితె వచ్చే ఏడు సీస తీసేసి రాయి. పాసైతివా, అప్పుడు ఒప్పుకుంట. సబూత్ కావాలె గద నీకు?" అంది. ప్రయోగం చాలా సరైనది. మరుసటి ఏడు దాన్ని చేయడానికి నాకు ధైర్యం చాలలేదు.

చిన్నమ్మ గదులకు కప్పు పడింది. ఆకాశం ఆ రెండు గదుల్లోంచి ఖాళీ చేసి పైకి వెళ్ళిపోయింది. నేను నీటి పరీక్షల ఉద్యోగంలో ఏళ్ళ తరబడి, ఎవరెవరో తెచ్చిన సీసాల్లో ఏముందో ఏం లేదో తేల్చి చెబుతూ గడిపాను. ఇప్పుడు నేనుండే ఈ ఊళ్ళో వంటింటి కిటికీలో ఒక సీసా ఉంది. అమ్మ పసుపుదారం కట్టిన సీసాలోని తీగే అది. ముక్క తరువాత ముక్కగా నాతో వచ్చింది గనుక, శాస్త్రప్రకారం చిన్నమ్మ కిటికీలోనిదీ, మస్కట్ గ్లాసులోనిదీ, ఇదీ ఒకటే. వారానికొకసారి నీళ్ళు మారుస్తాను. అడుగున కొద్దిగా పాతనీళ్ళు మాత్రం ఉంచుతాను. పాతనీటిలో వేరును ప్రోత్సహించే పదార్థాలు మిగులుతాయని కొందరంటారు. నేను సరిచూడలేదు. అమ్మ చెప్పిన ప్రయోగం కాక, ఇన్నేళ్ళలో సరిచూడకుండా వదిలేసినది బహుశా ఇదొక్కటే. సీసా మెడకున్న దారం ఎవరి పేరు మీదని అడిగితే చెప్పను. ఎండ ఏటవాలుగా పడి ఎప్పుడైనా ఆకు పచ్చబారినట్టు కనిపిస్తే, ముందు కొంగు తడిపి తుడిచి చూస్తాను. ఈ ఊళ్ళో పసుపు దుమ్ము ఉండదని తెలుసు. అయినా తుడిచిన కొంగును వెలుతురుకు పెట్టి, ఒకసారి చూసుకుంటాను.